పొలిమేర దాటని వ్యాగను

నేను పుట్టి పెరిగింది ఆడవాళ్ళ వెయిటింగ్ రూములో. ఈ మాట చెబితే మా ఆఫీసులో పిల్లలు వేళాకోళం అనుకుంటారు. కలకత్తాలో ఏక్‌బాల్‌పూర్ దాటి మెటియాబ్రుజ్ వైపు పోయే దారిలో, ఓడలు ఆగే డాకు గోడ వెంబడి లోపలికి తిరిగితే ఒక పాత స్టేషను ఉండేది. ఒకే ప్లాట్‌ఫారం, రేకుల కప్పు, ఇనప స్తంభాలు, ఒక టికెట్ గది, రెండు వెయిటింగ్ రూములు. మగవాళ్ళ గదిలో మూడు కుటుంబాలు ఉండేవి. ఆడవాళ్ళ గదిలో మేమూ, ఇంకో కుటుంబమూ, మధ్యలో తాడుకి వేలాడేసిన చీర. టికెట్ గదిలో ఊరి నుంచి కొత్తగా వచ్చిన పెళ్ళికాని మగవాళ్ళు వండుకునేవాళ్ళు. టికెట్లిచ్చే కంతలోంచి కూర గిన్నెలు చేతులు మారేవి. అందరమూ శ్రీకాకుళం వైపు సముద్రపొడ్డు ఊళ్ళవాళ్ళమే.

ఆ స్టేషను చరిత్ర ఎక్కడైనా రాసి ఉందేమోనని పెద్దయ్యాక వెతికాను. దొరకలేదు. నాకు తెలిసిందంతా మామ్మ నోటి మాటే. మామ్మ అంటే మా నాన్న తల్లి. ఆవిడ చెప్పేదాంట్లో సగం నిజం, మిగతా సగం ఉప్పూ కారం. ఏది ఏదో విడదీయడం నా వల్ల కాలేదు, ఇప్పుడు ప్రయత్నించను కూడా.

దామోదర్ లోయలో గనుల నుంచి బొగ్గు ఆ లైను మీదే వచ్చేదట. దాన్ని ఓడల కడుపులోకి తట్టలతో ఎత్తిపోసేవాళ్ళు. మా తాత ఊరొదిలి వచ్చింది ఆ తట్ట మోయడానికే. కూలీల కోసం పొద్దునా సాయంత్రం ఒక బుల్లి ప్యాసింజరు నడిచేది. దాంట్లో ఆడవాళ్ళెవరూ ఎక్కకపోయినా, నియమం ప్రకారం ఆడవాళ్ళకో వెయిటింగ్ రూము కట్టారు. అందులో మొట్టమొదట కూర్చున్న ఆడమనిషి తానేనని మామ్మ గొప్పలు పోయేది. బొగ్గు ఓడలు వేరే రేవుల దారి పట్టాక ప్యాసింజరు ఆగిపోయింది. స్టేషను మాస్టరు బాబు తాళాలు ఎవరి చేతిలో పెట్టి వెళ్ళాడో తెలియదు. కూలీల కుటుంబాలు ఒక్కొక్కటే లోపలికి చేరాయి. పొమ్మన్నవాళ్ళు లేరు.

నాకు ఊహ తెలిసేసరికి ఎర్రజెండా ప్రభుత్వం వచ్చి కొన్నేళ్ళయింది. మనుషుల రైలు లేదు కానీ గూడ్సు అప్పుడప్పుడు వచ్చేది. ఊళ్ళో పొయ్యిలకి కావలసిన బొగ్గు తెచ్చేది. దించుకున్నాక నేలమీద మిగిలిన పొడిని మా ఆడవాళ్ళు ఊడ్చి, గంగమట్టి కలిపి ఉండలు చుట్టి ఎండబెట్టేవాళ్ళు. బెంగాలీలు వాటిని గుల్ అంటారు. ప్లాట్‌ఫారం పొడుగునా ఆ ఉండలు ఆరుతుండేవి. మేం వాటి మధ్య కాళ్ళు పెట్టుకుంటూ నడవడం నేర్చుకున్నాం.

ఖాళీ అయిన వ్యాగన్లు మళ్ళీ గనుల వైపే వెళ్ళిపోయేవి. మామ్మకి వాటితో వేరే పని ఉండేది.

మా ఊళ్ళల్లో ఎవరికైనా అమ్మోరు పోస్తే, అదే ఒంటిమీద పొక్కులు లేస్తే, ఆ తల్లి ఇంటికి చుట్టంగా వచ్చినట్టు లెక్క. వేపమండలు కడతారు, పసుపు నీళ్ళు చల్లుతారు, చల్లన్నం పెడతారు. తగ్గాక ఆమెని సాగనంపాలి. కొత్త కుండకి పసుపు రాసి, అందులో పెరుగన్నం, ఉల్లిపాయ, వేపమండ పెట్టి, చిన్న బండిలో పొలిమేర దాకా లాక్కెళ్ళి వదిలేస్తారు. వదిలాక వెనక్కి తిరిగి చూడకూడదు. చూస్తే ఆమె మళ్ళీ వెంట వస్తుంది. పక్క ఊరివాళ్ళు ఆ బండిని తమ పొలిమేర దాటిస్తారు. వాళ్ళ పక్క ఊరివాళ్ళు ఇంకా ముందుకి. మన చుట్టాన్ని పక్కింటివాడికి అంటగట్టడమే ఇది, మర్యాదగా.

కలకత్తాలో పొలిమేర ఎక్కడుంది? ఒక వీధి అయిపోకుండానే ఇంకో వీధి మొదలవుతుంది. మామ్మే తేల్చి చెప్పింది. మా పొలిమేర ప్లాట్‌ఫారం అవతల, లైను రోడ్డుని దాటే గేటు దగ్గర. మా బండి ఖాళీ వ్యాగను. కుండని అందులో పెడితే రైలు ఆ తల్లిని గేటు దాటించి గనుల లోయకి తీసుకుపోతుంది. అక్కడా మన వైపు కూలీలు ఉన్నారు, మిగతాది వాళ్ళు చూసుకుంటారు. ఏళ్ళ తరబడి అలాగే సాగనంపారు. అందరికీ మనశ్శాంతిగా ఉండేది.

నాకు ఏడో ఎనిమిదో ఏడు నడుస్తుండగా, చలి తగ్గి గాలి తిరిగే రోజుల్లో, స్టేషనులో పిల్లలందరికీ అమ్మోరు పోసింది. ముందు నాకు. ఒక్క మా తమ్ముడికే రాలేదు. వాడికి అప్పుడప్పుడే మాటలు వస్తున్నాయి. ముందుగా ఏ పిల్లకి పోస్తే ఆ పిల్ల తల్లి కుండ మోయాలి. అందుకని మా అమ్మ మోసింది. గూడ్సు వచ్చిన రోజు మధ్యాహ్నం పసుపు చీర కట్టుకుని, తల మీద కుండ పెట్టుకుని, ప్లాట్‌ఫారం చివర నీళ్ళ గొట్టం దాటి వెళ్ళి, అన్నిటికంటే వెనకున్న వ్యాగనులో పెట్టింది. తలుపు తీసి ఉన్నది అదొక్కటే. వెనక్కి చూడకుండా వచ్చేసింది. మేమందరం గదుల్లోకి వెళ్ళి తలుపులు వేసుకుని గోడవైపు తిరిగి నిలబడ్డాం. ఇంజను కూత వినబడింది. గొలుసులు ఒకదాని తర్వాత ఒకటి గట్టిగా లాగుకున్న చప్పుడు. తర్వాత చక్రాలు. ఆ తర్వాత ఏమీ లేదు.

"ఎల్లిపోనాది తల్లి," అంది మామ్మ. ఆ పూట అందరం కడుపు నిండా తిన్నాం.

చూడకూడదు కాబట్టి ఎవరూ చూడలేదు. సాగనంపిన వైపు కొన్నాళ్ళు అడుగు పెట్టకూడదు కాబట్టి ఎవరూ వెళ్ళలేదు. తర్వాత నాన్న నీళ్ళ గొట్టం బాగుచెయ్యడానికి వెళ్ళి, ముఖం పాలిపోయి తిరిగొచ్చాడు. చివరి వ్యాగను అక్కడే ఉంది. చక్రం దగ్గర ఏదో కాలిపోయిందట. రైలువాళ్ళు దాన్ని విడదీసి, సుద్దతో గుర్తు పెట్టి, మిగతావాటిని తీసుకుపోయారు. అప్పటికి తమ్ముడి ఒళ్ళు కాలిపోతోంది.

మళ్ళీ గూడ్సు వచ్చినప్పుడు దీన్నీ తగిలించుకుపోతారన్నాడు నాన్న. మళ్ళీ గూడ్సు రాలేదు. ఆ లైనుకి అదే చివరి బండి అని మాకు ఎవరూ చెప్పలేదు. మాకెందుకు చెబుతారు? మేం అక్కడ ఉన్నట్టు ఏ కాగితంలోనూ లేదు.

తమ్ముడికి పొక్కులు లోపలికి తిరిగాయంది మామ్మ. జ్వరం మెదడుకి ఎక్కిందన్నారు ఆసుపత్రిలో. ఎవరి మాట నిజమైనా వాడు ఇంటికి రాలేదు.

కుండని మళ్ళీ తీసి ఇంకోచోట పెట్టవచ్చు కదా అని మీకనిపిస్తుంది. నాకూ అనిపించింది, అడిగాను కూడా. చెంప పగిలింది. సాగనంపినవాళ్ళు మళ్ళీ దాన్ని ముట్టుకుంటే రమ్మని పిలిచినట్టే. పై ఊరివాళ్ళే లాగాలి. మాకు పై ఊరు లేదు, ఒకవైపు డాకు గోడ, ఒకవైపు రోడ్డు. అదీకాక అమ్మ భయం కుండ గురించి కాదు. అమ్మోరు తీసుకున్న పిల్లలు అమ్మోరి వెంటే ఉంటారని మా వాళ్ళ నమ్మకం. ఆమె కదిలితే వాళ్ళూ కదులుతారు, ఎక్కడికి చేరాలో అక్కడికి చేరతారు. ఆమె కదలకపోతే?

"ఆ తల్లి ఎల్తే గాని నా గుంటడికి దారి లేదు," అనేది అమ్మ. "ఆడు ఈ టేసన్లోనే కూకొని ఉన్నాడు. నా సేతుల్తో కూకోబెట్టీసినాను."

అప్పటినుంచి అమ్మకి లోకంలో ఒకే కోరిక మిగిలింది. ఆ వ్యాగను గేటు దాటాలి.

మా వీధి యూనియన్ నాయకుడిగా ఒక బెంగాలీ పెద్దమనిషి ఉండేవాడు. అందరికీ దాదా, అంటే అన్న. రేషను కార్డు కావాలన్నా, డాకులో పని కావాలన్నా, మొగుడూ పెళ్ళాల తగువు తీరాలన్నా ఆయన దగ్గరికే. అమ్మ ఆయన దగ్గరికి వెళ్ళి వ్యాగను తీయించమని అడిగేది. ఆయన టీ ఇప్పించి "హబే, దీదీ, హబే" అనేవాడు. అవుతుందిలే అని. ఆ ఒక్క మాట మీద ఆ రాష్ట్రం చాలా ఏళ్ళు నడిచింది. మా అమ్మ కూడా నడిచింది. పండగకొకసారి వెళ్ళి అదే మాట విని వచ్చేది.

మంగళవారం మంగళవారం అమ్మ ఆకులో పెరుగన్నం తీసుకుని నీళ్ళ గొట్టం దాటి వెళ్ళేది. వ్యాగను మెట్టు మీద పెట్టి, తల వంచుకుని వచ్చేసేది. సాయంత్రానికి ఆకు కడిగినట్టు ఉండేది. కాకులు అనేదాన్ని నేను. నాకు చిన్నప్పటినుంచీ ఇలాంటివంటే ఒళ్ళుమంట. ప్రతిదానికీ ఒక కారణం చెబితే గాని నిద్ర పట్టేది కాదు. కానీ ఆ స్టేషనులో కారణాలు చెప్పడం రోజురోజుకీ కష్టమయ్యేది. ప్లాట్‌ఫారం మీద పచ్చి వేపాకులు కనబడేవి. చుట్టుపక్కల ఎక్కడా వేపచెట్టు లేదు. గుల్ చెయ్యడం మానేసి ఏళ్ళయినా, పొద్దున్న తుడిచిన గచ్చు మధ్యాహ్నానికి మళ్ళీ నల్లగా అయ్యేది, చీపురు కొస దాకా బొగ్గుపొడి. వ్యాగను తలుపు ఎప్పుడు మూసుకుందో ఎవరికీ తెలియదు. అమ్మ కుండ పెట్టిననాడు అది తీసే ఉంది. నాన్న ముఖం పాలిపోయి వచ్చిననాడు కూడా తీసే ఉంది. తర్వాత ఎప్పుడో మూసి ఉంది. మూసిన మనిషి లేడు.

ఒక వానాకాలం డాకు వైపు నీళ్ళు పొంగి స్టేషనంతా మోకాలి లోతు మునిగింది. నీళ్ళు తీసాక మామ్మ నన్ను చెయ్యి పట్టుకుని ప్లాట్‌ఫారం చివరి దాకా తీసుకెళ్ళి, దూరం నుంచి చూపించింది. వ్యాగను చక్రాలకి ఇవతల, పట్టాని ఆనుకుని ఒక ఆముదం మొక్క మొలిచి మనిషి ఎత్తు పెరిగి ఉండేది. అది ఇప్పుడు చక్రం కింద నలిగి ఉంది. వ్యాగను కదిలింది. గేటు వైపు కాదు. మా వైపు.

"నీటికి నేల దిగిపోయుంటాది," అన్నాడు నాన్న.

"దిగిపోతే కిందకెల్లాల," అంది మామ్మ. "ఇటెందుకొచ్చినాది?"

ఆ రోజునుంచి వెయిటింగ్ రూముకి ఆ వైపున్న కిటికీ మూసేశాం. పక్క కుటుంబం నెల తిరక్కుండా మెటియాబ్రుజ్‌లో అద్దె గది చూసుకుని వెళ్ళిపోయింది. మధ్య చీర తీసేశాం. గది పెద్దదైంది, నాకు మాత్రం అది నచ్చలేదు.

నేను పదో తరగతి చదివే రోజుల్లో ఒక బంద్ వచ్చింది. కలకత్తా బంద్ అంటే నిజంగా బంద్. బస్సు లేదు, రిక్షా లేదు, డాకులో క్రేను చప్పుడు లేదు. నగరం మొత్తం ఊపిరి బిగబట్టినట్టుంటుంది. మిట్టమధ్యాహ్నం నేను బిందె పక్కన కూర్చుని చదువుకుంటున్నాను. బిందెలో నీళ్ళు వణికాయి. మధ్యలోంచి అంచుకి వలయాలు పాకాయి, ఆగాయి, మళ్ళీ పాకాయి. మామూలు రోజుల్లో లారీ అనుకునేదాన్ని, క్రేను అనుకునేదాన్ని. ఆ రోజు అనుకోవడానికి ఏమీ లేదు. బరువైనదేదో నెమ్మదిగా వచ్చి ఆగినట్టు గచ్చు పాదాలకి తెలిసింది.

అమ్మ గదిలో లేదు. ప్లాట్‌ఫారం మీదికి వెళ్ళాను. నీళ్ళ గొట్టం దాటి, వ్యాగను తలుపు ముందు నిలబడి ఉంది. మాట్లాడుతోంది. మొక్కుకుంటోందనుకున్నాను. కాదు.

"ఇంకొక్క ముద్ద. ఒక్కటే. నా తండ్రి గదూ."

ఆగింది. ఎవరో ఏదో చెబుతుంటే వింటున్నట్టు తల పక్కకి వంచింది. తర్వాత నవ్వింది. తమ్ముడు పోయాక అమ్మ నవ్వగా నేను వినలేదు, అందుకే ముందు ఆ నవ్వు ఎవరిదో పోల్చుకోలేకపోయాను. లోపలినుంచి ఇనుము మీద టక్కుమని ఒక చప్పుడు వచ్చింది. కాసేపటికి ఇంకొకటి. ఎండకి ఇనుము సాగితే అలా టక్కుమంటుందని మా సైన్సు టీచరు చెప్పింది. ఆ రోజు పొద్దున్నుంచీ మబ్బు పట్టి ఉంది.

నేను భయపడ్డాను. అంతకంటే ఎక్కువగా నాకు ఏడుపొచ్చింది. నాకు తినిపించేటప్పుడు అమ్మ గొంతు ఎప్పుడూ అంత మెత్తగా లేదు. బతికున్న పిల్లని నేను, గదిలో ఒక్కదాన్నే కూర్చుని చల్లారిన అన్నం తినేదాన్ని. వాడికి తినిపించడానికి అమ్మ మంగళవారం కాని రోజు కూడా వెళుతోంది. ఆ అసూయ నాకు ఇప్పటికీ పూర్తిగా పోలేదు, చెప్పుకోవడానికి సిగ్గు కూడా లేదు.

రాత్రి నాన్నకి చెప్పాను. ఆయన బీడీ ఆర్పి, "లోపలికి సూసినావేటి?" అని అడిగాడు.

"లేదు."

"సూడకు," అన్నాడు. అంతే.

తర్వాత మామ్మ పోయింది. స్టేషనులో మేమూ, మగవాళ్ళ గదిలో ఇద్దరు ముసలమ్మలూ మిగిలాం. నాకు సాల్ట్ లేక్‌లో, సెక్టర్ ఫైవ్‌లో ఒక ఆఫీసులో ముందు గదిలో కూర్చుని వచ్చినవాళ్ళని పలకరించే ఉద్యోగం దొరికింది. వెయిటింగ్ రూములో పెరిగినదానికి అంతకన్నా తగిన ఉద్యోగం ఏముంటుంది? అద్దాల తలుపులు, చల్లటి గాలి. అక్కడినుంచి ఆటోలూ బస్సులూ మారి ఇంటికొస్తే చీకటి, ఆ చీకట్లో వ్యాగను. నాగేరుబజారు వైపు చిన్న ఇల్లు చూశాను, వెళ్ళిపోదామన్నాను. అమ్మ రానంది.

"ఆడ్ని ఒక్కడ్నీ ఒగ్గీసి ఎలగొస్తానే? ఆ పెట్టి ఎల్లనీ. ఆడు ఎల్లనీ. అప్పుడొస్తాను."

నేను అరిచాను. నీ కొడుకు ఎక్కడా కూర్చుని లేడని, వాడు పోయాడని, ఆ పెట్టెలో తుప్పు తప్ప ఏమీ లేదని అన్నాను. అమ్మ నా వైపు జాలిగా చూసింది, చంటిపిల్ల తెలియక ఏదో వాగినట్టు.

ఎర్రజెండా ప్రభుత్వం చివరి రోజుల్లో, దాదా ఇంక ఎవరికీ హబే అని చెప్పలేనంత ముసలివాడయ్యాక, ఆ పని దానంతట అదే అయింది. పాత పట్టాలు, వ్యాగను, రేకులు, అన్నీ తుక్కు కింద ఎవరికో అమ్మేశారు. గ్యాసు కట్టర్లు వేసుకుని ఒక ముఠా దిగింది. ఎక్కడెక్కడివాళ్ళో, మా వాళ్ళు మాత్రం ఒక్కరూ లేరు. వ్యాగనుని అక్కడ కోయడానికి చోటు చాలదు, గేటు అవతల రోడ్డు పక్కకి లాక్కెళ్ళి కోస్తామన్నారు. అమ్మకి నేను ఆ మాట చెబితే చాలాసేపు నమ్మలేదు. పై ఊరివాళ్ళు వచ్చి, వాళ్ళంతట వాళ్ళే లాగుతారట. గేటు దాటిస్తారట. మామ్మ చెప్పిన పద్ధతి ఒక్క అక్షరం తప్పలేదు.

నేను సెలవు పెట్టాను. అమ్మ తెల్లారకుండా లేచి తలంటుకుని, పసుపు చీర కట్టుకుంది. పెరుగన్నం కలిపింది, కొత్త ఆకు మీద పెట్టింది. చిన్న చొక్కా ఒకటి ఉతికి మడత పెట్టి ఆకు పక్కన పెట్టింది. తమ్ముడిది. ఇన్నాళ్ళూ దాచిందని నాకు తెలియదు.

ముఠాలో ఒకతను తలుపు సందులో గడ్డపార పెట్టి తెరిచాడు. లోపలికి ఎక్కి, తొంగి చూసి మమ్మల్ని పిలిచాడు.

"మాషీ, దీంట్లో ఎవరైనా ఉంటున్నారా?" అని అమ్మని బెంగాలీలో అడిగాడు.

ఎందుకలా అడిగావన్నాను. నేల శుభ్రంగా ఉందన్నాడు. ఒక మూల కుండ ఉంది, మిగతా అంతా ఇప్పుడే తుడిచినట్టుంది, బొగ్గుపొడి కూడా లేదు అన్నాడు. అతను దిగేటప్పుడు కాళ్ళకేసి చూసుకుని, ఎందుకో చెప్పులు తీసి చేత్తో పట్టుకున్నాడు. అమ్మ తమ్ముడి చొక్కా అతని చేతికిచ్చి కుండ పక్కన పెట్టమంది. పెట్టాడు.

లారీకి ఇనపతాడు కట్టారు. ముసలమ్మలిద్దరూ, నాన్నా గోడవైపు తిరిగి నిలబడ్డారు. నేనూ తిరిగాను. ఎన్ని కారణాలు వెతుక్కున్నా, ఆ క్షణంలో తిరక్కుండా ఉండే ధైర్యం నాకు లేదు. తాడు బిగిసింది. ముందు ఇనుము మూలిగింది, తర్వాత గచ్చంతా అదిరింది, చక్రాలు కదిలాయి. ఆ చప్పుడు గేటు వైపు పోతోంది. నిజంగా పోతోంది. అమ్మ కోరిక తీరుతోందని నాకు గుండె నిండిపోయింది.

పక్కకి చూస్తే అమ్మ లేదు.

అమ్మ ప్లాట్‌ఫారం అంచున నిలబడి ఉంది. వెళుతున్న వ్యాగను వైపు కాదు, మా వెయిటింగ్ రూము గుమ్మం వైపు చూస్తోంది. అక్కడ ఎవరూ లేరు. నాకు ఎవరూ కనబడలేదు. అమ్మ ముఖంలోకి కంగారు వచ్చింది. రైలు కదిలాక, పిల్లలు ఇంకా కిందే ఉన్నారని తెలిసిన ఏ తల్లికైనా వచ్చే కంగారే. చెయ్యి ఎత్తి లారీ వెంట పరుగెత్తింది.

"ఏక్టు దాడాన్ దాదా, ఏక్టు దాడాన్. మా గుంటడు ఎక్కలేదు."

ఆగమన్నది వాళ్ళకి అర్థమైంది, మిగతాది కాలేదు. డ్రైవరు తల బయటికి పెట్టి, ఆవిడ ఏమంటోందని నన్ను అడిగాడు. వ్యాగను గేటు మీద ఉంది, సగం లోపల, సగం బయట. ఏమీ లేదు, పోనివ్వండి అని నేను అనవచ్చు. అమ్మ గుమ్మం వైపు తిరిగి, రా నాయనా, తొందరగా రా అని చెయ్యి చాపి ఉంది.

నేను బెంగాలీలో ఉన్నది ఉన్నట్టు చెప్పాను. డ్రైవరు ఒక్కసారి అమ్మని చూసి, ఇంజను ఆపేశాడు.